అక్షింతల పురుగు మంచిదన్నారు, వంగ తోట జల్లెడైంది. ఇది ఎపిలాక్నానా, హెనోసెపిలాక్నానా?

వంశధార_గట్టు
మాది కాశీనగర్ దగ్గర, గజపతి జిల్లా. పెరటి వెనక పది సెంట్లలో వంగ వేశాం. నెల కిందట ఆకుల మీద గుండ్రంగా, ఇటుక రంగులో, నల్ల చుక్కలతో పురుగులు కనిపిస్తే నలిపేయబోయాను. మా మామ్మ చెయ్యి పట్టుకుంది. "అక్షింతల పురుగే, దాన్నేమీ అనకు" అంది. అనుమానం తీరక ఫోన్లో వెతికాను. మొదట వచ్చిన తెలుగు వీడియోలో కూడా అక్షింతల పురుగు రైతు నేస్తం, పేనుబంకను తింటుంది, చంపొద్దు అనే ఉంది. సరే అని వదిలేశాను.

ఇప్పుడు ఫొటో చూడండి. ఈనెలు తప్ప ఆకు లేదు. మళ్ళీ వెతికితే ఇంకో వీడియో వచ్చింది, "వంగలో అక్షింతల పురుగు నివారణ" అట! ఒకే పేరు మీద ఒకాయన దండం పెట్టమంటాడు, ఇంకొకాయన మందు కొట్టమంటాడు.

మా తమ్ముడి వ్యవసాయం పుస్తకంలో దీని పేరు ఎపిలాక్నా అని ఉంది. ఫోన్ యాప్‌లో ఫొటో పెడితే హెనోసెపిలాక్నా అంది. అసలు ఇది ఒక పురుగా, రెండా? పేరు పెట్టిందెవరు, మార్చిందెవరు? తెలిసినవాళ్ళు కాస్త చెప్పండి, నాకు బుర్ర తిరిగిపోతోంది.

బరంపురం_బాబాయ్
మామ్మ మాట విని తోట పోగొట్టుకున్న మొదటి మనవరాలివి నువ్వు కాదులే. నెల రోజులు ఆవిడకి వంకాయ కూర బంద్.

సిరొంచ_మల్లన్న
ఫొటో చూసిన. ఇది మంచి పురుగు కాదమ్మా. మాది సిరొంచ, ప్రాణహిత ఒడ్డు. పత్తి, మిరప వేస్తం. పత్తిలో పేనుబంకను తినే పురుగు ఒళ్ళు నున్నగా, నూనె రాసినట్టు మెరుస్తది. నీ ఫొటోలోది మసకగా ఉంది. చేతిలోకి తీసుకుని ఎండలో పెట్టి చూడు, వీపు మీద సన్నని నూగు కనిపిస్తది. నూగు ఉంటే ఆకు తినేది, నున్నగా ఉంటే పేను తినేది. మా నాన్న చెప్పిన లెక్క ఇది, నాకైతే ఇప్పటిదాకా తప్పలేదు.

మా దగ్గర మరాఠీ అధికారులు మంచిదాన్ని ఢాల్ కిడా అంటరు, అంటే డాలు పురుగు. బోర్లించిన డాలు లాగే ఉంటది కదా.

వంశధార_గట్టు
మల్లన్న గారూ, ఇప్పుడే చూశాను. నూగు ఉంది! ముట్టుకుంటే మోకాళ్ళ దగ్గర్నుంచి పసుపు నీళ్ళు లాంటిది కార్చింది, చేతికి ఒకటే కంపు.

ధర్మాబాద్_మిరప
దీన్నే కదా ఆరుద్ర పురుగు అనేది? తొలకరికి నేల మీద ఎర్రగా తిరుగుతాయి, చిన్నప్పుడు అగ్గిపెట్టెలో పెట్టుకునేవాళ్ళం.

కీటకాల_కిట్టు
కాదన్నా. ఆరుద్ర పురుగుకి కాళ్ళు ఎనిమిది, అది సాలీడుకి చుట్టం. మఖమల్ గుడ్డ ముక్కలా ఉంటుంది, రెక్కలు ఉండవు. ఆరుద్ర కార్తె జూన్ 22 ప్రాంతంలో వస్తుంది, అప్పుడు బయటికి వస్తుంది కాబట్టి ఆ పేరు. అక్షింతల పురుగుకి కాళ్ళు ఆరు, వీపు మీద గట్టి రెక్కల మూత ఉంటుంది. ఇంటర్నెట్‌లో ఈ రెండింటినీ కలిపేసిన పేజీలు బోలెడు.

నాది రాయగడ, భువనేశ్వర్‌లో కీటకశాస్త్రం ఎమ్మెస్సీ చేస్తున్నాను. అక్క అడిగిన పేర్ల సంగతి రాత్రికి వివరంగా రాస్తాను. ఈలోపు ఒక్క మాట. కంపు నీళ్ళు కార్చడం మంచిదీ చేస్తుంది, చెడ్డదీ చేస్తుంది. పిట్టలు, చీమలు దగ్గరికి రాకుండా అది వాటి ఎత్తు. కాబట్టి కంపుని బట్టి తేల్చకండి. మల్లన్న గారి నూగు లెక్క మాత్రం భేషుగ్గా పనికొస్తుంది.

పర్లాకిమిడి_పంతులు
నేను రిటైరైన సైన్సు మాస్టారిని. కిట్టు రాసేలోపు నాకు తెలిసింది చెబుతాను.

ఈ కుటుంబం మొత్తానికి కాక్సినెల్లిడే అని పేరు. ప్రపంచంలో దాదాపు 6,000 జాతులు ఉన్నాయి. 1758లో స్వీడన్ ప్రకృతి శాస్త్రవేత్త లిన్నేయస్ అప్పటికి తెలిసిన వీటన్నిటినీ కాక్సినెల్లా అనే ఒకే ప్రజాతిలో, అంటే దగ్గరి జాతులను కలిపే గుంపులో పడేశాడు. లాటిన్‌లో కాక్సినియస్ అంటే సింధూరం లాంటి ఎరుపు. ఇక జాతి పేర్లకి ఆయన పట్టిన దారి చుక్కలు లెక్కపెట్టడం. రెండు చుక్కలది, అయిదు చుక్కలది, ఏడు చుక్కలది అంటూ అంకెలతోనే రాసుకుంటూ పోయాడు.

మీ వంగ పురుగుకి పేరు పెట్టింది ఆయన శిష్యుడు ఫాబ్రీషియస్, డెన్మార్క్ మనిషి. 1775లో దీన్ని కాక్సినెల్లా అనే రాసి, పక్కన 28 చుక్కలది అన్నాడు. ఇప్పటి నియమం ప్రకారం అంకె వేయకూడదు, అక్షరాల్లో రాయాలి. అందుకే అది విగింటిఆక్టోపంక్టేటా అయి కూర్చుంది. విగింటి అంటే ఇరవై, ఆక్టో అంటే ఎనిమిది. అక్క తమ్ముడు పరీక్షలో ఈ పేరు తప్పు రాస్తే తిట్టకండి, ముప్ఫై ఏళ్ళు పాఠం చెప్పిన నాకే పలకడం కష్టం.

బరంపురం_బాబాయ్
పంతులు గారూ, 250 ఏళ్ళ కిందట డెన్మార్క్‌లో కూర్చున్నవాడికి మన వంకాయ పురుగు ఎలా దొరికింది? ఆయన కూడా గుత్తి వంకాయ అభిమానా?

పర్లాకిమిడి_పంతులు
ఓడల్లో వెళ్ళేవి బాబూ. వర్తకులు, వైద్యులు, మతబోధకులు సీసాల్లో, పెట్టెల్లో పట్టుకెళ్ళేవారు. తమిళనాడు తీరాన తరంగంబాడిలో డేన్ల కోట, అంటే డెన్మార్క్ వాళ్ళ కోట ఉండేది, గుర్తుందా? ఈ ఒక్క పురుగు ఏ పెట్టెలో వెళ్ళిందో మాత్రం నన్నడగొద్దు.

మందుల_కొట్టోడు
ఈ పేర్ల గోల ఎందుకండీ? 20 ఏళ్ళుగా మందుల కొట్టు నడుపుతున్నాను. పురుగు కనిపించిందా, డబ్బా తీయాలి, కొట్టాలి. 1775లో ఎవడేమన్నాడో తెలిస్తే పురుగు చస్తుందా?

వంశధార_గట్టు
మీకు చెప్పకూడదు గానీ, ఇక్కడ ఒక కొట్టులో అక్షింతల పురుగు అంటే "అది మంచిదమ్మా, వదిలేయ్" అన్నారు. పక్క కొట్టులో అదే మాట అంటే డబ్బా చేతిలో పెట్టారు. ఇద్దరూ ఆకు చూపించమని అడగలేదు. పేరు ఒక్కటే విన్నారు.

మందుల_కొట్టోడు
ఆకు చూడకుండా మందు ఇవ్వడం తప్పే, ఒప్పుకుంటాను.

కీటకాల_కిట్టు
రాత్రి అయింది, రాస్తున్నాను. కాస్త పొడుగు, ఓపిక పట్టండి.

పంతులు గారు చెప్పినట్టు మొదట అన్నీ కాక్సినెల్లా. తర్వాత తేడాలు బయటపడ్డాయి. ఈ కుటుంబంలో ఎక్కువ భాగం వేటగాళ్ళు, పేనుబంక, పిండినల్లి, పొలుసు పురుగులను తినేవి. కొన్ని బూజు తింటాయి. ఒక గుంపు మాత్రం పూర్తిగా ఆకులు తింటుంది. వాటి దవడ చివర పళ్ళు వేరేగా ఉంటాయి, ఆకును గీకడానికి అనువుగా. ఒంటి మీద నూగు. 1830ల్లో ఫ్రాన్స్‌లో షెవ్రోలా అనే ఆయన ఈ గుంపుకి ఎపిలాక్నా అని పేరు పెట్టాడు. గ్రీకులో లఖ్నే అంటే మెత్తని నూగు, ఎపి అంటే పైన. అంటే మల్లన్న గారి నాన్న చెప్పిందే షెవ్రోలా గ్రీకులో చెప్పాడు.

ఆ పేరు అచ్చయింది దెజాన్ అనే దొర జాబితాలో. ఈయన నెపోలియన్ సైన్యంలో అధికారి. 1809లో స్పెయిన్‌లో యుద్ధం మధ్యలో గుర్రం దిగి ఒక పురుగుని పట్టుకుని, తన శిరస్త్రాణంలో గుచ్చుకుని మళ్ళీ యుద్ధానికి వెళ్ళాడని చెప్పుకుంటారు. నిజమెంతో గానీ, మా డిపార్ట్‌మెంట్‌లో అందరికీ ఇష్టమైన కథ.

ఆ తర్వాత వందేళ్ళకు పైగా ఆకు తినే నూగు పురుగు ఏ దేశంలో కనిపించినా ఎపిలాక్నాలోనే వేశారు. వందల జాతులు పోగయ్యాయి. 1961లో లీ, కుక్ అనే ఇద్దరు తైవాన్ పురుగులను సరిచూస్తూ, మన వంగ పురుగు లాంటివి వేరే గుంపు అన్నారు. దానికి పెట్టిన పేరే హెనోసెపిలాక్నా. ఆనవాలు ఎక్కడుందో తెలుసా? ఆడ పురుగు పొట్ట కింద చిట్టచివరి పలక, అంటే ఆరోది, మధ్యలో నిలువుగా చీలి ఉంటుంది. ఎపిలాక్నాలో చీలిక ఉండదు. చుక్కలు కాదు, రంగు కాదు, పొట్ట కింద ఒక గీత!

2015లో పోలండ్ వాళ్ళు ప్రధానంగా ఉన్న ఒక బృందం డీఎన్ఏనీ ఒంటి ఆకారాన్నీ కలిపి చూసి మొత్తం గుంపుని మళ్ళీ పేర్చింది. అప్పుడు తేలిందేమంటే, అసలు సిసలు ఎపిలాక్నాలు అమెరికా ఖండాలవే. మన వైపువి వేరే కొమ్మలు. కాబట్టి అక్కా, పురుగు ఒకటే. పుస్తకంలోది పాత ఇంటిపేరు, యాప్‌లోది కొత్త ఇంటిపేరు.

ధర్మాబాద్_మిరప
కన్యాదానం అయ్యాక ఇంటిపేరు మారినట్టన్నమాట.

కీటకాల_కిట్టు
హహ. కాకపోతే ఇక్కడ పుట్టింటి గుర్తు కూడా ఉంచుతారు. ఫాబ్రీషియస్ పేరు, 1775 బ్రాకెట్లో రాస్తారు. బ్రాకెట్ కనిపిస్తే, ఈయన పేరు పెట్టినప్పుడు ఇది వేరే ప్రజాతిలో ఉండేది అని అర్థం. బ్రాకెట్ లేకపోతే ఇల్లు మారలేదని. ఏడు చుక్కలది ఇప్పటికీ కాక్సినెల్లాలోనే ఉంది, కాబట్టి లిన్నేయస్ పక్కన బ్రాకెట్ ఉండదు.

మందుల_కొట్టోడు
అంతా బాగానే ఉంది తమ్ముడూ. కానీ 1961లో మారిన పేరు 60 ఏళ్ళయినా పుస్తకాల్లోకి రాలేదంటే అవసరం లేదనే కదా? నా దగ్గరున్న కరపత్రాల్లో ఇప్పటికీ ఎపిలాక్నానే.

పర్లాకిమిడి_పంతులు
పుస్తకంలోకి రాకపోవడానికి కారణం అవసరం లేకపోవడం కాదండీ, బద్ధకం. పాత పుస్తకం చూసి కొత్త పుస్తకం రాస్తారు.

సిరొంచ_మల్లన్న
నేను ఇక్కడ కొట్టాయన వైపే ఉంటా. పొట్ట కింద గీత చూసుడు రైతుతో అయ్యే పనా? పేరు ఊరికే మార్చుకుంటూ పోతే మేము ఎన్నని గుర్తు పెట్టుకోవాలె. పత్తిలో మంచి పురుగును మొదట మెనోకైలస్ అన్నరు. శిక్షణకు పోయి కాపీలో రాసుకుని వచ్చిన. నాలుగేండ్లకు మళ్ళ పోతే చైలోమెనిస్ అన్నరు. వెనక ఉన్న సెక్స్‌మాక్యులేటస్ కూడా సెక్స్‌మాక్యులేటా అయ్యింది. అడిగితే అదే పురుగు అన్నరు.

కీటకాల_కిట్టు
మల్లన్న గారి కోపంలో న్యాయం ఉంది. అయినా కారణం చెబుతాను. రెండు పేర్లలో ముందు పెట్టింది ఏదో అదే నిలవాలని నియమం. చైలోమెనిస్ 1830ల నాటిది, మెనోకైలస్ 1943లో వచ్చింది. రెండూ ఒకటే ప్రజాతి అనుకున్నాక పాతది గెలుస్తుంది. చివర టస్ పోయి టా రావడం లాటిన్ లింగం. చైలోమెనిస్ స్త్రీలింగం, దానికి తగ్గట్టు వెనక మాట మారాలి. మనం "పెద్దవాడు, పెద్దది" అన్నట్టే.

వంగ పురుగు విషయంలో మాత్రం జరిగింది వేరు. అక్కడ పాత కొత్తల గొడవ కాదు, చుట్టరికం గొడవ. పేరు ఒక్కటైతే రక్తం ఒక్కటి అనుకుంటాం కదా, ఆ నమ్మకం తప్పకూడదనే మార్చారు.

బరంపురం_బాబాయ్
ఒరేయ్ కిట్టూ, ఆ చుట్టరికం పట్టుకుని నేనేం చేసుకోను? పప్పులో వేసుకోనా?

కీటకాల_కిట్టు
బాబాయ్, చెబుతా. అమెరికాలో చిక్కుడు జాతి పంటలను నాశనం చేసే ఎపిలాక్నా వారివెస్టిస్ అని ఒకటుంది, మెక్సికన్ చిక్కుడు పురుగు అంటారు. దాన్ని అదుపు చేయడానికి వాళ్ళు దాని చుట్టాలు ఎక్కడున్నాయో వెతుక్కుంటూ ఇండియాకి వచ్చారు. మన నూగు పురుగు పిల్లల ఒంట్లో గుడ్లు పెట్టే ఒక బుల్లి కందిరీగ దొరికింది, పేరు పెడియోబియస్ ఫోవియోలేటస్. చీమంత కూడా ఉండదు. 1966లో పట్టుకెళ్ళారు. అక్కడి చలికాలంలో అది బతకదు, అందుకే పెంచి ఏటా కొత్తగా వదులుతారు. న్యూజెర్సీలో ప్రభుత్వమే పెంచింది.

మన పురుగుకీ వాళ్ళ పురుగుకీ చుట్టరికం ఉందని ఎవరో పొట్టలూ దవడలూ చూసి రాసి పెట్టకపోతే ఇక్కడికి వచ్చి వెతకాలని వాళ్ళకి తోచేది కాదు. ఇప్పుడు పనికొచ్చిందా పప్పులోకి?

మందుల_కొట్టోడు
ఇది మాత్రం నాకు కొత్త. ఆ కందిరీగ మన దగ్గర ఇప్పటికీ ఉందా?

కీటకాల_కిట్టు
ఉంటుందన్నా, ఇది దాని పుట్టిల్లే కదా. మీరు డబ్బా తీయగానే ముందు పోయేది అదే.

గుణుపురం_గుమ్మడి
ఆలస్యంగా వచ్చాను, మొత్తం చదివాను. మా కాకర పందిరి మీద కూడా అచ్చం ఇలాంటివే ఉన్నాయి. పక్కనే మా తోడికోడలి వంగ మడి. అక్కడివే ఎగిరి మా కాకర మీద వాలాయని నాకూ ఆవిడకీ మాట మాట పెరిగింది. నిజంగా వంగ పురుగు కాకర తింటుందా?

కీటకాల_కిట్టు
వదినా, తొందరపడి మాట అనకండి. వంగ పురుగు ప్రధానంగా వంగ కుటుంబం మీద ఉంటుంది, అంటే టమాటా, బంగాళాదుంప, గట్టు మీద కామంచి, ఉమ్మెత్త. కాకర మీద చూడ్డానికి దాదాపు ఇలాగే ఉండే దాని అక్కచెల్లెళ్ళు ఉంటాయి. మన దక్షిణాదిలో కాకర తినేది హెనోసెపిలాక్నా సెప్టిమా అని ఒకటుంది. ప్రజాతి ఒకటే, జాతి వేరు. కళ్ళతో చూసి విడదీయడం నాకే కష్టం, మగ పురుగు లోపలి భాగాలు తీసి సూక్ష్మదర్శినిలో చూడాలి.

గుణుపురం_గుమ్మడి
అయ్యో. అయితే ఇప్పుడు నేనే వెళ్ళి సారీ చెప్పాలా?

బరంపురం_బాబాయ్
కాకరకాయ కూర పట్టుకెళ్ళమ్మా, సారీ దానంతటదే అర్థమవుతుంది.

కీటకాల_కిట్టు
సెప్టిమా అన్నాను కదా, ఆ పేరు పెట్టిన మనిషి గురించి చెప్పకుండా ఉండలేను. ఆయన జి. హెచ్. డీకే. 1947లో ఆసియా, ఐరోపా, ఆస్ట్రేలియాల ఎపిలాక్నాల మీద పెద్ద పుస్తకం రాశాడు. ఇప్పటికీ మేము దాన్ని తెరవకుండా పని జరగదు. తీరా చూస్తే ఆయన కీటకశాస్త్రవేత్తే కాదు! అమెరికాలో జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయంలో భౌతికశాస్త్ర ఆచార్యుడు. రేర్ ఎర్త్ అనే మూలకాల నుంచి వచ్చే కాంతిని కొలిచే పని. ఆ రంగంలో ఆయన గీసిన పటాన్ని డీకే డయాగ్రమ్ అని ఇప్పటికీ వాడతారట. అక్షింతల పురుగులు ఆయనకి సరదా. తర్వాత ఒక ప్రజాతికి ఆయన గుర్తుగా డీకియానా అని పేరు పెట్టారు.

పర్లాకిమిడి_పంతులు
ఇది విని చాలా సంతోషం వేసింది. ఉద్యోగం ఒకటి, వ్యసనం ఒకటి. మా ఊళ్ళోనూ అలాంటాయన ఉండేవారు. గిడుగు రామమూర్తి గారు ఇక్కడ చరిత్ర పాఠాలు చెప్పడానికి వచ్చి, సవరల మాట నేర్చుకుని దానికి నిఘంటువు రాశారు.

వంశధార_గట్టు
ఆదివారం ట్యూషన్ పిల్లలందర్నీ పురుగుల మీద వదిలాను. పట్టుకుని చుక్కలు లెక్కపెట్టమన్నాను. 31 పురుగులు పట్టారు. 28 చుక్కలున్నవి నాలుగే నాలుగు! కొన్నిటికి 12, కొన్నిటికి 14, 18, 20. ఒకడు 17 అన్నాడు, మళ్ళీ లెక్కపెట్టమంటే కుడివైపు తొమ్మిది, ఎడమవైపు ఎనిమిది. కిట్టూ, ఇవన్నీ వేరే వేరే జాతులా? ఫాబ్రీషియస్‌కి లెక్క రాదా?

ధర్మాబాద్_మిరప
కుడికీ ఎడమకీ పొంతన లేనిది మా ఊరి రోడ్డు ఒక్కటే అనుకున్నాను.

కీటకాల_కిట్టు
అక్కా, ఈ పని మా మాస్టారు చూస్తే నీకు ఎమ్మెస్సీ సీటు ఇచ్చేస్తారు. అన్నీ ఒకే జాతి అయ్యుండొచ్చు. దీన్ని చక్కగా తేల్చింది కూడా ఆ డీకే గారే. ఒక్కో రెక్క మూత మీద ఆరు చుక్కలు శాశ్వతం, ఎప్పుడూ ఉంటాయి. మిగతా ఎనిమిది వస్తే వస్తాయి, రాకపోతే లేదు. ఆరు రెళ్ళు పన్నెండు, పద్నాలుగు రెళ్ళు ఇరవై ఎనిమిది. అంటే 12 నుంచి 28 దాకా ఎన్నయినా ఉండొచ్చు. ఫాబ్రీషియస్ చేతికి నిండుగా ఉన్నది చిక్కింది, 28 అని రాసేశాడు.

1823లో వీడెమాన్ అనే ఆయన చేతికి 12 చుక్కలది చిక్కింది. ఆయన దాన్ని వేరే జాతి అనుకుని డోడెకాస్టిగ్మా అన్నాడు, అంటే పన్నెండు చుక్కలది. ఇక అప్పట్నుంచీ అది వేరా, ఇదేనా అని పాత పుస్తకాల నిండా వాదనే. మన దగ్గర పాత రిపోర్టుల్లో రెండు పేర్లూ ఒకే వంగ మడి మీద కనిపిస్తాయి.

సిరొంచ_మల్లన్న
గదే నేను చెప్పేది. పెద్ద చదువు చదివినోళ్ళే చుక్కలు చూసి మోసపోయిన్రు. చుక్కలు వద్దు, నూగు చూడండి.

పర్లాకిమిడి_పంతులు
మల్లన్న గారికి నా ఓటు. కానీ అసలు చిక్కు లాటిన్‌లో లేదు, మన తెలుగులో ఉంది. శాస్త్రం ఏళ్ళ తరబడి తంటాలు పడి ఆకు తినేదాన్నీ పేను తినేదాన్నీ విడదీసింది. మనం రెండింటినీ అక్షింతల పురుగు అని ఒకే మూటలో కట్టాం. హిందీ వాళ్ళు వంగ మీదదాన్ని హడ్డా అని విడిగా పిలుస్తారు. మరాఠీలో మంచిదానికి ఢాల్ కిడా ఉంది. మనకి రెండో మాట లేదు. "శాకాహార అక్షింతల కీటకం" అందామా?

బరంపురం_బాబాయ్
పంతులు గారూ, ఆ పేరు మీరు పూర్తిగా పలికేలోపు అది ఆకు తినేసి పక్క మడికి పోతుంది.

గుణుపురం_గుమ్మడి
అసలు అక్షింతలు అనే పేరు దేన్ని చూసి పెట్టారో. ఆకు అడుగున దాని గుడ్లు చూశారా? పచ్చగా, కోలగా, నిలబెట్టినట్టు ఒకచోటే గుత్తిగా. పసుపు కలిపిన బియ్యమే. నాకైతే గుడ్లను చూసే పెట్టారనిపిస్తుంది.

కీటకాల_కిట్టు
పేరు పుట్టుక సంగతి పెద్దవాళ్ళు తేల్చాలి, పోలిక మాత్రం అదిరింది. కానీ జాగ్రత్త వదినా, మంచి పురుగు గుడ్లు కూడా అలాగే పచ్చగా, గుత్తిగానే ఉంటాయి. గుడ్లు చూసి నలిపేయకండి. పిల్లలు బయటికొచ్చేదాకా ఆగితే ఎవరికైనా తెలిసిపోతుంది. ఆకు తినేదాని పిల్ల పసుపు రంగులో, ఒంటి నిండా కొమ్మలు వేసిన ముళ్ళతో పల్లేరుకాయలా ఉంటుంది. పేను తినేదాని పిల్ల నల్లగా, పొడుగ్గా, చిన్న మొసలిలా చురుగ్గా పరిగెడుతుంది. ముళ్ళ పిల్ల కనిపిస్తే ఆకుతో సహా తుంచి సబ్బు నీళ్ళలో వేయండి. పది సెంట్ల మడికి అంతకన్నా మందు అక్కర్లేదు, కొట్టన్న క్షమించాలి.

మందుల_కొట్టోడు
క్షమించాను. పది సెంట్లకి నేనూ అదే చెబుతాను. పదెకరాలుంటే అప్పుడు రండి, మాట్లాడుకుందాం.

వేదిక_కాపరి
మందుల మోతాదు చర్చ ఇక్కడ వద్దు, దానికి వేరే థ్రెడ్ ఉంది. పేర్ల మీద కొనసాగించండి.

వంశధార_గట్టు
మామ్మకి మొత్తం చదివి వినిపించాను. ఆవిడ చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత పెరట్లోకి వెళ్ళి ఒకటి వంగ మీద నుంచి, ఒకటి బొబ్బర పాదు మీద నుంచి పట్టుకొచ్చి రెండూ పళ్ళెంలో వేసింది. చత్వారపు అద్దాలు పెట్టుకుని చూసి "ఇది నున్నక్షింత, ఇది నూగక్షింత, ఇంత చిన్నదానికి మీరింత గొడవ చేశారు" అంది. అంతే కాదు, నూగక్షింతని తనే చెప్పుతో కొట్టింది.

పర్లాకిమిడి_పంతులు
నా శాకాహార కీటకాన్ని ఉపసంహరించుకుంటున్నాను. నూగక్షింత ఖాయం. షెవ్రోలా గ్రీకులో పెట్టింది, మామ్మ తెలుగులో పెట్టింది.

కీటకాల_కిట్టు
నా రికార్డు పుస్తకంలో ఈ పేరు రాసుకుంటున్నాను. పక్కన "కాశీనగర్ మామ్మ" అని, బ్రాకెట్ లేకుండా.

ధర్మాబాద్_మిరప
సంవత్సరం కూడా వెయ్యి తమ్ముడూ. రేపు ఇంకెవరైనా ముందు మేమే పెట్టాం అంటారు.

వంశధార_గట్టు
ఇంకో సంగతి. తుంచేసిన ఆకుల్లో కొన్ని ముళ్ళ పిల్లలు పసుపు రంగు పోయి, ముదురు గోధుమ రంగుకి మారి గట్టిపడి ఉన్నాయి. కదలట్లేదు. మందు కొట్టలేదు, ఎలా చచ్చాయి?

కీటకాల_కిట్టు
అక్కా! సబ్బు నీళ్ళలో వేయకు! అది పెడియోబియస్ పనే అయ్యుంటుంది. ఆ ఆకుల్ని గాజు సీసాలో పెట్టి పైన పల్చటి గుడ్డ కట్టు, నీడలో ఉంచు.

వంశధార_గట్టు
అయిదు రోజులైంది. ఇవాళ పొద్దున్న సీసా గోడల మీద మిరియం గింజ మీద మచ్చంత నల్లటివి తిరుగుతున్నాయి, రెక్కలున్నాయి. ఒక్క ముళ్ళ పిల్లలోంచే పదికి పైగా వచ్చాయి. మామ్మ గుడ్డ విప్పి వంగ మడిలో వదిలింది. వీటికి ఏం పేరు పెట్టాలా అని పొద్దుట్నుంచీ ఆలోచిస్తోంది, పొయ్యి మీద పాలు పొంగిపోయాయి.